మిగిలిన రీళ్లు చెప్పే గతం

వందేళ్ల కిందటి మనుషులు ఎలా నడిచేవారని అడిగితే చాలామంది మనసులో ఒకటే బొమ్మ మెదులుతుంది. నలుపు తెలుపు వీధిలో టోపీలు పెట్టుకున్న జనం కొయ్యబొమ్మల్లా, కుదుపులతో, ఏదో కొంప మునిగినట్టు గబగబా నడిచిపోతుంటారు. అప్పటివాళ్లు అలా నడవలేదని అందరికీ తెలుసు, అయినా ఆ బొమ్మ చెరగదు. తప్పు ఆ మనుషులదీ కాదు, వారిని చిత్రించిన కెమెరాదీ కాదు. మూకీల రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పేవారు. తిప్పేవాడి వేగాన్ని బట్టి సెకనుకు 16, 18 ఫ్రేములు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువో తక్కువో పడేవి. 1920ల చివర టాకీలు వచ్చాక, శబ్దం నిలకడగా వినిపించాలి గనుక, సెకనుకు 24 ఫ్రేములన్న లెక్క స్థిరపడింది. పాత రీళ్లను కొత్త ప్రొజెక్టర్ల మీద వేసినప్పుడూ, టీవీ కోసం కాపీ తీసినప్పుడూ ఈ తేడాను చాలాచోట్ల పట్టించుకోలేదు. 16 ఫ్రేముల చొప్పున తీసిన నిమిషం పాటు నడక 24 ఫ్రేముల చొప్పున 40 సెకన్లలో ముగిసిపోతుంది. ఇరవయ్యో శతాబ్దపు తొలి రోజులు ఎంతో హడావుడిగా గడిచాయన్న మన భావనలో కొంత భాగం ఈ 20 సెకన్ల నష్టం నుంచి వచ్చింది.

రంగు సంగతీ అంతే. మూకీ చిత్రాలన్నీ నలుపు తెలుపులోనే ఉండేవన్నది పాతుకుపోయిన నమ్మకం. నిజానికి ఆనాటి ప్రింట్లలో చాలావాటిని రంగు ద్రావణాల్లో ముంచి విడుదల చేసేవారు. రాత్రికి నీలం, దీపపు వెలుతురుకు పసుపు, మంటలకు ఎరుపు. చిత్రీకరణ పట్టపగలే జరిగేది కాబట్టి, కథలో రాత్రయిందని ప్రేక్షకుడికి తెర మీది నీలం రంగే చెప్పేది. ఆ ప్రింట్లు నైట్రేట్ ఫిల్ము మీద ఉండేవి. అవి పాడైపోతున్నాయని గ్రహించిన ఆర్కైవులు, అంటే పాత చిత్రాలను దాచే భాండాగారాలు, వాటిని అసిటేట్ ఫిల్ము మీదికి ఎక్కించే పనికి పూనుకున్నప్పుడు, ఖర్చు చూసుకుని, ఎక్కువగా నలుపు తెలుపు ఫిల్మునే వాడాయి. ‘నైట్రేట్ ఆగదు’ అన్నది ఆ రోజుల్లో ఆర్కైవుల నినాదం. కాపీ తీసుకున్నాక, దగ్గర ఉంచుకుంటే ప్రమాదమని, అసలు రీళ్లను చాలాచోట్ల ధ్వంసం చేశారు. సినిమాను కాపాడే పనిలోనే సినిమా రంగు పోయింది. ఆ కాపీలు చూసిన తరువాతి తరాలవారు, మిట్టమధ్యాహ్నపు ఎండలో లాంతరు పట్టుకుని తిరిగే పాత్రలను చూసి, ఆనాటి దర్శకులకు రాత్రిని చూపించడం చేతకాలేదని నవ్వుకున్నారు.

ఈ రెండూ సాంకేతిక పొరపాట్లలా కనిపిస్తాయి గానీ వీటి వెనక అంతకన్నా పెద్ద విషయం ఉంది. పాత సినిమా చూస్తున్నప్పుడు గతాన్ని కళ్లారా చూస్తున్నామన్న భావన సహజంగానే కలుగుతుంది. పుస్తకం చదివేటప్పుడు రాసినవాడు ఒకడున్నాడన్న స్పృహ ఉంటుంది, సినిమా దగ్గర ఆ స్పృహ సడలిపోతుంది. తీసినవాడి సంగతి ఒకవేళ గుర్తున్నా, ఆ రీలును దాచినవాడు, కాపీ తీసినవాడు, పనికిరాదని పారేసినవాడు, డబ్బా మీద చీటీ రాసినవాడు ఎవరూ గుర్తురారు. తెర మీది గతం వీళ్లందరి చేతుల మీదుగా వచ్చింది. ఆ దారి తెలియకుండా పాత సినిమాను చరిత్రకు సాక్ష్యంగా నిలబెట్టడం, ఎక్కడ దొరికిందో తెలియని నాణేన్ని పట్టుకుని ఒక రాజ్యపు ఎల్లలు గీయడం లాంటిది.

ఆ దారిలో మొదటి మలుపు రసాయనానిది. 1950ల మొదటి వరకూ సినిమాలు తీసిన నైట్రేట్ ఫిల్ము తేలిగ్గా అంటుకుంటుంది. మండటానికి కావలసిన ఆక్సిజన్ దానిలోంచే పుడుతుంది గనుక ఒకసారి రాజుకుంటే నీళ్లలో ముంచినా ఆరదు. నిప్పు తగలకపోయినా మెల్లగా కుళ్లుతుంది. ముందు బొమ్మ వెలిసిపోతుంది, తరువాత రీలు జిగురుగా మారి చుట్లు ఒకదానికొకటి అంటుకుంటాయి, చివరికి డబ్బాలో గోధుమ రంగు పొడి మిగులుతుంది. దాని స్థానంలో సురక్షితమని తెచ్చిన అసిటేట్‌కు మరో జబ్బు. తేమ, వేడి తగిలితే అందులోంచి ఎసిటిక్ ఆమ్లం విడుదలవుతుంది, డబ్బా మూత తీయగానే ముక్కుపుటాలు అదిరేలా వెనిగర్ వాసన కొడుతుంది, ఫిల్ము ముడుచుకుని వంకర్లు తిరుగుతుంది. 1950ల నుంచి వాడుకలోకి వచ్చిన రంగుల ఫిల్ముల్లో చాలావాటిలో నీలం, పసుపు ఛాయలు ముందుగా వెలిసిపోయి ఎరుపు మిగిలింది. ఆ దశాబ్దాల సినిమాలు కొన్ని గులాబీ రంగు నీళ్లలో ముంచి తీసినట్టు కనిపించడానికి కారణం అదే.

అయితే రసాయనం చేసిన నష్టం కన్నా మనుషులు చేసింది ఎక్కువేమో అనిపిస్తుంది. టాకీలు రాగానే మూకీలకు విలువ లేకుండా పోయింది. దాచడానికి అద్దె దండగ, కరిగిస్తే ఫిల్ములోని వెండి అయినా చేతికొస్తుంది. ఫ్రాన్స్‌లో జార్జ్ మెలియెస్ తీసిన చిత్రాల ప్రింట్లను మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో సైన్యం బూట్ల మడమల తయారీ కోసం కరిగించారు. మిగిలిన నెగెటివ్‌లను 1923లో, దాచుకోవడానికి చోటు లేక, నిస్పృహతో ఆయనే తగలబెట్టారు. అమెరికాలో 1937 జులైలో న్యూజెర్సీలోని ఫాక్స్ సంస్థ గోదాములో ఎండ తీవ్రతకు నైట్రేట్ రీళ్లు వాటంతట అవే అంటుకుని, ఆ సంస్థ మూకీ చిత్రాల్లో అత్యధిక భాగం ఒక్క రాత్రిలో బూడిదైంది. 2013లో అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ వెలువరించిన అధ్యయనం ప్రకారం, 1912 నుంచి 1929 వరకూ అక్కడ విడుదలైన దాదాపు 11 వేల పూర్తి నిడివి మూకీ చిత్రాల్లో, విడుదలైన రూపంలోనే పూర్తిగా మిగిలినవి 14 శాతం.

ఈ 14 శాతం ఎవరో బాగా ఆలోచించి ఏరిన 14 శాతం అయితే బాధ లేకపోను. థీడా బారా సంగతే చూడవచ్చు. 1910ల చివర ఆమె అమెరికాలోని అగ్ర తారల్లో ఒకరు. దాదాపు 40 చిత్రాల్లో నటిస్తే పూర్తిగా మిగిలినవి వేళ్ల మీద లెక్కపెట్టేన్ని. ఆమె పేరు నేటికీ వినిపించడానికి కారణం స్టూడియోలో ప్రచారం కోసం తీసిన నిశ్చల చిత్రాలు. కాటుక కళ్లు, బిగించిన చూపు, మెలికలు తిరిగిన ఆభరణాలు. ఆమె నటనలో హాస్యం ఉండేదా, నడకలో ఏదైనా ప్రత్యేకత ఉండేదా అన్న ప్రశ్నలకు ఆ ఫొటోలు జవాబు చెప్పలేవు. ఒక నటి ప్రతిభ గురించి చరిత్ర చెప్పగలిగింది ఆమె ప్రచార విభాగం చెప్పదలచుకున్నంతే అయింది.

మిగలడంలో యాదృచ్ఛికత పాత్ర ఎంతటిదో చెప్పడానికి అమెరికాలోని కాగితపు ప్రింట్లను మించిన ఉదాహరణ లేదు. 1912 వరకూ అక్కడి కాపీరైట్ చట్టంలో సినిమా అన్న మాటే లేదు, ఫొటోలకు మాత్రం రక్షణ ఉండేది. దాంతో కొన్ని కంపెనీలు సినిమా రీలు మొత్తాన్ని పొడవాటి కాగితపు చుట్ట మీద ఫొటోలుగా అచ్చొత్తి కాపీరైట్ కార్యాలయానికి పంపేవి. కాగితం మండిపోలేదు, కుళ్లలేదు. దశాబ్దాల తరువాత ఆ చుట్టలను ఫ్రేము ఫ్రేముగా మళ్లీ ఫిల్ము మీదికి ఎక్కించారు. అలా 1894-1912 మధ్యకాలపు చిత్రాలు 3 వేలకు పైగా బతికాయి. వీటిని ఎవరూ భావితరాల కోసం దాచలేదు, గుమాస్తా దగ్గర దాఖలు చేసిన దస్తావేజులు అవి. అందుకే అందులో ఒక వాటం ఉంది. దాఖలు చేసే ఓపిక, న్యాయవాదుల బలం ఉన్న ఎడిసన్, బయోగ్రాఫ్ లాంటి కంపెనీల చిత్రాలు దండిగా మిగిలాయి, అంత తీరిక లేని చిన్న నిర్మాతలవి గాలికి పోయాయి. తొలినాటి అమెరికన్ సినిమా మీద వచ్చిన పరిశోధనలో ఆ కంపెనీల పేర్లు అంతగా మోగడానికి వాటి గొప్పదనంతో పాటు వాటి దస్త్రాల క్రమశిక్షణ కూడా కారణమే.

కెనడా ఉత్తర కొసన ఉన్న డాసన్ సిటీలో జరిగింది ఇంకో రకం. బంగారు గనుల ఊరు అది. సినిమా ప్రింట్లు ఊళ్లన్నీ తిరిగి తిరిగి రెండు మూడేళ్లు ఆలస్యంగా అక్కడికి చేరేవి. తిరిగి పంపే రవాణా ఖర్చు ప్రింటు విలువను మించిపోయేది గనుక, కంపెనీలు వాటిని వెనక్కి అడిగేవి కావు. గుట్టలుగా పేరుకున్న రీళ్లను 1929లో ఒక ఈత కొలను పూడ్చడానికి వాడి, పైన మంచు హాకీ మైదానం కట్టారు. 1978లో అక్కడ తవ్వుతుంటే 533 రీళ్లు బయటపడ్డాయి. ఏడాది పొడవునా గడ్డకట్టి ఉండే నేల వాటిని ఏ శీతల గిడ్డంగీ కాపాడనంత చక్కగా కాపాడింది. ఒక్క తేడా, తవ్వి తీశాక తగిలిన తడికి అంచుల వెంట తెల్లటి మచ్చలు పాకాయి. ఆ చిత్రాల్లో చాలావాటికి ప్రపంచంలో మరో కాపీ లేదు. అంటే ఒక కాలపు అమెరికన్ కథాచిత్రాల గురించీ, న్యూస్‌రీళ్ల గురించీ మనకు తెలిసినదానిలో కొంత భాగం, ఒక మారుమూల ఊరి థియేటరు వాళ్లు కొలను పూడ్చడానికి మట్టికి బదులు రీళ్లు ఇవ్వడం వల్ల తెలిసింది.

ఆర్కైవులు ఏర్పడ్డాక యాదృచ్ఛికత స్థానంలో ఎంపిక వచ్చింది. 1930ల మధ్యలో లండన్, న్యూయార్క్, పారిస్ నగరాల్లో ఒకటి రెండేళ్ల తేడాతో ఫిల్ము భాండాగారాలు వెలిశాయి, 1938లో వాటి అంతర్జాతీయ సమాఖ్య ఏర్పడింది. అప్పటి నుంచీ ఈ రంగంలో ఒక పాత తగువు నడుస్తోంది. లండన్ భాండాగారాన్ని నడిపిన ఎర్నెస్ట్ లిండ్‌గ్రెన్‌ది ఒక పద్ధతి. ఏది దాచాలో కమిటీ తేలుస్తుంది, దాచిన ప్రింటును ముట్టుకోరాదు, కాపీ తీసేంత వరకూ దాన్ని ప్రొజెక్టర్ మీదికి ఎక్కించరాదు. పారిస్ భాండాగారాన్ని నడిపిన ఆన్రీ లాంగ్ల్వాది దీనికి పూర్తిగా వ్యతిరేకం. దొరికిందల్లా తెచ్చుకో, దొరికినట్టే చూపించు. ఏది గొప్పదో ఇవాళ మనకు తెలియదు కాబట్టి ఏరడమే తప్పని ఆయన వాదన. లాంగ్ల్వా దగ్గర జాబితాలు సరిగా ఉండేవి కావు, నిల్వ సరిగా లేక పాడైన రీళ్లూ ఉన్నాయి. కానీ ఆయన వేసిన ఆటలు చూసే ఒక తరం ఫ్రెంచి దర్శకులు తయారయ్యారు, సినిమా చరిత్ర అంటే ఏమిటన్న అవగాహనే ఆ హాలులో చాలావరకు రూపుదిద్దుకుంది. లిండ్‌గ్రెన్ జాగ్రత్త లేకపోతే ఆ తరువాత చూడటానికి ఏమీ మిగిలేది కాదన్నదీ అంతే నిజం. ఎవరిది ఒప్పని తేల్చడం కన్నా, చూపించనిది చరిత్రలోకి రాదు, దాచనిది చూపించడానికి ఉండదు అన్న ఈ ఇరకాటాన్ని గుర్తించడం ముఖ్యం.

సినిమాను చరిత్రకు ఆధారంగా దాచాలన్న ఆలోచన మాత్రం ఈ సంస్థలకన్నా చాలా పాతది. 1898లోనే, అంటే సినిమా పుట్టిన మూడేళ్లకే, పోలండ్‌కు చెందిన ఛాయాగ్రాహకుడు బోలెస్వాఫ్ మతుషెవ్‌స్కీ పారిస్‌లో ఒక చిన్న పుస్తకం అచ్చువేసి, చలనచిత్రాల కోసం ప్రత్యేక భాండాగారం కావాలని కోరారు. కదిలే బొమ్మ పొరపడని ప్రత్యక్ష సాక్షి అని ఆయన నమ్మకం. ఆ నమ్మకంలో సగం నిలబడింది, సగం కూలిపోయింది.

కూలిన సగానికి 1916లో బ్రిటన్‌లో విడుదలైన, మొదటి ప్రపంచ యుద్ధంలోని సోమ్ పోరాటపు చిత్రం సాక్ష్యం. యుద్ధం జరుగుతుండగానే థియేటర్లకు వచ్చిన ఆ చిత్రాన్ని మొదటి ఆరు వారాల్లో దాదాపు 2 కోట్ల మంది చూశారని అంచనా. అందులో సైనికులు కందకం గోడ ఎక్కి అవతలి పొగలోకి పరుగు తీసే దృశ్యం ఉంది. ఒకడు గట్టు మీదికి చేరకముందే వెనక్కి జారి పడిపోతాడు. మొదటి ప్రపంచ యుద్ధం మీద తీసిన లెక్కలేనన్ని డాక్యుమెంటరీలు ఈ కొద్ది సెకన్లను వాడుకున్నాయి. ఆ యుద్ధమంటే చాలామంది కళ్ల ముందు మెదిలేది ఇదే. అయితే ఆ చిత్రాన్ని భద్రపరిచిన లండన్ ఇంపీరియల్ వార్ మ్యూజియం పరిశోధకులు దాన్ని ఫ్రేము ఫ్రేముగా పరిశీలించాక, ఈ దృశ్యం యుద్ధభూమికి వెనక, శిక్షణ ప్రాంతంలో ఆడించి తీసిందని తేల్చారు. నిజంగా దాడికి వెళ్లే సైనికుల మీద ఉండవలసిన సరంజామా వీళ్ల వీపుల మీద లేదు, కెమెరా నిలబెట్టిన చోట నిజంగా శత్రువు తూటాలు వస్తుంటే కెమెరామన్ బతికి బట్టకట్టేవాడు కాదు. చిత్రంలోని మిగతా భాగం, గాయపడినవాళ్లను మోసుకెళ్లడం, ఖైదీల వరుసలు, నిజమైనవే. అబద్ధం నిజాల మధ్య కూర్చుని ఉండటమే దాని బలం. ఇక్కడ గమనించవలసింది, ఆ అబద్ధాన్ని మోసుకొచ్చిందీ ఆర్కైవే, విప్పిచెప్పిందీ ఆర్కైవే. అసలు ప్రింటు దాచి ఉండకపోతే తరువాతి డాక్యుమెంటరీలలోని ముక్కలను పట్టుకుని ఇంత దూరం వెళ్లడం సాధ్యమయ్యేది కాదు.

పోలండ్ రాజధాని వార్సాలో నాజీలు యూదులను నిర్బంధించిన పేట, అంటే వార్సా ఘెట్టో, మీద తీసిన చిత్రం కథ ఇంకా భారమైంది. 1942 మేలో నాజీ ప్రచార విభాగం కెమెరాలతో ఘెట్టోలోకి దిగి నెల రోజుల పాటు చిత్రీకరించింది. ఆ చిత్రం పూర్తి కాలేదు. ‘ఘెట్టో’ అన్న చీటీ తప్ప మరే వివరమూ లేని డబ్బాల్లో, శబ్దం లేని దాదాపు గంట నిడివి కూర్పు యుద్ధం తరువాత తూర్పు జర్మనీ భాండాగారంలో బయటపడింది. అందులో వీధిలో పడి ఉన్న శవాలు, ఎముకలగూళ్లలాంటి పిల్లలు ఉన్నారు. వాళ్ల పక్కనే హోటళ్లలో విందులు చేసుకుంటున్న, శుభ్రంగా దుస్తులు వేసుకున్న యూదులూ ఉన్నారు. దశాబ్దాల పాటు చరిత్ర చిత్రాలు తీసినవారు ఈ బొమ్మలను ఘెట్టో జీవితానికి ఆధారంగా ఎత్తి వాడుకున్నారు. వాటిలో నిజమైన బాధ ఉంది గనుక అనుమానం తక్కువగా కలిగింది. 1998లో వాడకుండా వదిలేసిన మరో అరగంట రీలు దొరికింది. అందులో అదే దృశ్యం రెండుసార్లు, మూడుసార్లు కనిపిస్తుంది. దుకాణంలోకి వెళ్లే స్త్రీ, గుమ్మం ముందు అడుక్కునే పిల్లలను పట్టించుకోకుండా సాగిపోవాలి. సరిగ్గా రాలేదని మళ్లీ నడిపించారు. ఒకటి రెండు చోట్ల ఫ్రేములోకి మరో కెమెరామన్ వచ్చేశాడు. ఘెట్టోలోని యూదు మండలి అధ్యక్షుడు ఆడమ్ చెర్నియాకోవ్ రాసుకున్న డైరీలో ఆ చిత్రీకరణల ప్రస్తావనలున్నాయి. డైరీనీ, వదిలేసిన రీలునూ పక్కపక్కన పెట్టి చూసినప్పుడు, విందులు నాజీలు ఏర్పాటు చేయించినవని, తోటివారు చస్తున్నా పట్టని సంపన్న యూదులన్న కథను అల్లడానికే ఆ తతంగమని తేటతెల్లమైంది. 1942 జులైలో ఘెట్టో జనాన్ని ట్రెబ్లింకా మృత్యు శిబిరానికి తరలించడం మొదలైంది. ఆ దృశ్యాల్లో నటించవలసి వచ్చినవాళ్లలో అత్యధికులు ఆ తరువాత బతికి లేరు.

ఇందులో చెత్త ఏది, భద్రపరచవలసింది ఏది అన్న విభజన పూర్తిగా తలకిందులైంది. కూర్చిన చిత్రం కన్నా కత్తిరించి పారేసిన ముక్కలు ఎక్కువ నిజం చెప్పాయి. ఆర్కైవులు ఇవాళ పూర్తయిన చిత్రాలతో పాటు వాడని ముక్కలు, స్క్రిప్టు కాగితాలు, సెన్సారు పత్రాలు, డబ్బాల మీది చీటీలు కూడా దాచాలని పట్టుబట్టడం వెనక ఇలాంటి అనుభవాలున్నాయి.

దీనికి అద్దంలో ప్రతిబింబం లాంటిది సోవియట్ దర్శకురాలు ఎస్ఫిర్ షుబ్ చేసిన పని. 1927లో ఆమె పాత న్యూస్‌రీళ్లు, జారు చక్రవర్తి ఇంటి చిత్రాలు కలిపి దాదాపు 60 వేల మీటర్ల ఫిల్మును పరిశీలించి, రష్యాను ఏలిన రోమనోవ్ వంశ పతనం మీద ఒక చిత్రం కూర్చారు. జారు పరివారం తమ వైభవాన్ని చూసి మురిసిపోవడానికి తీయించుకున్న దృశ్యాలవి. ఓడ మీద నాట్యం చేసి చెమట తుడుచుకునే దొరసానుల పక్కన, మట్టి పని చేసి చెమట తుడుచుకునే కూలీలను పెట్టడంతో అవే బొమ్మలు నేరపత్రంగా మారిపోయాయి. దానికి కొత్త దృశ్యం ఒక్కటీ ఆడించి తీయవలసిన పని రాలేదు. ఆర్కైవులో ఉన్న బొమ్మ తనంతట తాను సాక్ష్యం చెప్పదు, పక్కన ఏమి పెడితే దానికి అనుగుణంగా మాట్లాడుతుంది. షుబ్ చేతిలో ఆ మాట ఎటు తిరిగిందో మనకు కనిపిస్తోంది. నేటి టీవీ కార్యక్రమాల్లో నేపథ్య వ్యాఖ్యానం కింద పరుగెత్తే పాత బొమ్మల విషయంలో అది అంతగా కనిపించదు.

పోయిన చిత్రం దొరికినప్పుడు చరిత్ర ఎలా సర్దుకుంటుందో చెప్పడానికి ఆస్కార్ మిషో ఉదంతం చాలు. 1915లో అమెరికాలో నల్లజాతి వారిని క్రూరులుగా, ముసుగు దాడుల ముఠాను రక్షకులుగా చూపిన చిత్రం ఒకటి వచ్చింది. సాంకేతికంగా గొప్పదన్న పేరుతో అది ఎన్నో ప్రింట్లలో నిలిచి, సినిమా పాఠాలన్నిటిలో స్థానం సంపాదించింది. నల్లజాతి దర్శకుడైన మిషో 1920లో అదే సమాజాన్ని అవతలి వైపు నుంచి, మూకుమ్మడి హత్యలతో సహా చూపించారు. ఆ చిత్రం కనుమరుగైంది. స్పెయిన్ భాండాగారంలో స్పానిష్ పేరుతో ఉన్న ఒకే ఒక ప్రింటు 1970ల చివర గుర్తింపు పొందే వరకూ, అంటే దాదాపు అరవై ఏళ్లు, ఒకే పక్షం వాదన వినిపించిన కోర్టులా ఉండేది ఆ కాలపు సినిమా చరిత్ర. 1993లో పునరుద్ధరించిన ప్రింటులోని ఇంగ్లిషు వాక్యాలు చాలావరకు స్పానిష్ నుంచి తిరిగి అనువదించినవే. దర్శకుడి మాట రెండు భాషలు దాటి వచ్చింది. ఆ గొంతు మిషోదే అయినా మాటలు పూర్తిగా ఆయనవి కావు.

దొరకనివాటి చుట్టూ అల్లుకునే చరిత్ర మరో తీరుగా ఉంటుంది. భారతదేశంలో వెయ్యికి పైగా మూకీలు వస్తే నేడు చూడగలిగినవి పదుల్లోనే ఉన్నాయి, 1931 నాటి తొలి హిందీ టాకీకి ఒక్క రీలూ లేదు. 1913లో ఫాల్కే తీసిన నాలుగు రీళ్ల చిత్రంలో మొదటి రీలు, చివరి రీలు మిగిలాయని చెబుతారు. అవి కూడా 1917లో ఆయనే మళ్లీ తీసిన రూపానివని వాదించే పరిశోధకులున్నారు. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ రీళ్లూ లేవు. దాని విడుదల తేదీ 1931 సెప్టెంబర్ 15 అని దశాబ్దాల పాటు వ్యాసాల్లో, ఉత్సవాల్లో, ప్రసంగాల్లో చెప్పుకొన్నారు. సెన్సారు నమోదులు, ఆనాటి పత్రికల ప్రకటనలు తిరగేశాక అది 1932 ఫిబ్రవరి 6న విడుదలైందని తేలింది. చిత్రం లేని చోట జ్ఞాపకం రాజ్యం చేస్తుంది, జ్ఞాపకాన్ని మరొకరు ఉటంకిస్తారు, ఉటంకింపు ఆధారమై కూర్చుంటుంది. పుణెలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ 1964లో గాని ఏర్పడలేదు. అప్పటికే ఈ దేశపు తొలి రెండు మూడు దశాబ్దాల చిత్రాల్లో అధిక భాగం వెండిగా, బూడిదగా మారిపోయింది.

ఇదంతా కథాచిత్రాల గొడవ. సామాన్య జనం ఎలా బతికారన్న ప్రశ్నకు వాటికన్నా మంచి జవాబులు ఎవరూ కళగా లెక్కించని రీళ్లలో ఉంటాయి. ఇంగ్లండులోని బ్లాక్‌బర్న్‌లో మిచెల్, కెన్యన్ అనే ఇద్దరు 1900ల తొలి ఏళ్లలో చిన్న సినిమా వ్యాపారం నడిపారు. సినిమా చరిత్రలో వారి పేరు, వస్తే, దక్షిణాఫ్రికాలో జరిగిన బోయర్ యుద్ధం పేరిట ఇంటి దగ్గరే తీసిన నకిలీ దృశ్యాల సందర్భంలో వచ్చేది. 1994లో వారి పాత దుకాణం నేలమాళిగలోని లోహపు పీపాల్లో 800కు పైగా నెగెటివ్‌లు దొరికాయి. వాటిలో చాలావాటిని ఫ్యాక్టరీ గేటు ముందు తీశారు. పని ముగిసి బయటికి వస్తున్న కూలీలు, శాలువాలు కప్పుకున్న స్త్రీలు, కెమెరా ముందుకు తోసుకొచ్చి వెకిలి చేష్టలు చేసే కుర్రాళ్లు, తల తిప్పుకుని వెళ్లిపోయే పెద్దమనిషి. తీయడం వెనక లెక్క సూటిగా ఉంటుంది. ఎన్ని ముఖాలు పడితే అన్ని టికెట్లు తెగుతాయి, ‘మిమ్మల్ని మీరే తెర మీద చూసుకోండి’ అని సంతలో ఆట వేస్తారు. కాసుల కోసం వేసిన ఆ ఎత్తు వల్ల, ఏ చరిత్రకారుడూ అడగని రోజుల్లో, ఒక శ్రామిక వర్గం ముఖాలు వేల సంఖ్యలో నమోదయ్యాయి. పన్నెండేళ్లు కూడా నిండని పిల్లలు ఎంతమంది ఆ గేట్ల నుంచి బయటికి వస్తున్నారో లెక్కపెట్టుకోవచ్చు.

అయితే ముఖం ఉన్నంత మాత్రాన మనిషి తెలియడు. 1938లో పోలండ్‌లోని నషెల్స్క్ అనే పట్టణానికి అమెరికా నుంచి వచ్చిన ఒక యాత్రికుడు తన చిన్న కెమెరాతో మూడు నిమిషాలు చిత్రీకరించాడు. 2009లో ఆ ఇంటివారికి ఫ్లోరిడాలో ఒక అల్మరాలో దొరికేసరికి రీలు ముడుచుకుపోయి ప్రొజెక్టర్ మీద నడిచే స్థితిలో లేదు. పునరుద్ధరించాక చూస్తే, కెమెరా కంట్లో పడాలని ఒకరినొకరు తోసుకుంటున్న పిల్లలు, ప్రార్థనా మందిరం తలుపు, ఒక దుకాణం. ఆ ఊరి దాదాపు 3 వేల మంది యూదుల్లో యుద్ధం తరువాత మిగిలింది వందకు లోపే. ఆ తరువాత జరిగిన పని ఏ సాంకేతిక పునరుద్ధరణకన్నా కష్టమైనది. దుకాణం మీది మసక బోర్డు అక్షరాలను కూడబలుక్కోవడం, టోపీని బట్టి కుర్రాడు ఎలాంటి కుటుంబం వాడో ఊహించడం, ఇంకా బతికి ఉన్నవారికి చూపించి పేర్లు అడగడం. అలా చూస్తున్న ఒక మహిళ, గుంపులో నవ్వుతున్న పదమూడేళ్ల కుర్రాడు తన తాతయ్య అని పోల్చుకుంది. ఆయన చెప్పాక మరికొన్ని ముఖాలకు పేర్లు వచ్చాయి, మిగతావి అలాగే ఉండిపోయాయి. ఆర్కైవు జాబితాల్లో సాధారణంగా అధికారికి పేరూ హోదా ఉంటాయి, అతని వెనక బరువు మోస్తున్నవారు ‘స్థానికులు’ అన్న ఒక్క మాటలో సర్దుకుంటారు. జాబితాలో రాయనిది వెతికితే దొరకదు, దొరకనిది ఏ పరిశోధనలోకీ ఎక్కదు.

నేటి సాంకేతికత ఈ పాత కొరతలను తీరుస్తానంటోంది. 2018లో దర్శకుడు పీటర్ జాక్సన్ మొదటి ప్రపంచ యుద్ధపు పాత రీళ్లకు వేగం సరిచేసి, రంగులద్ది, పెదవుల కదలికను చదివే నిపుణులతో మాటలు పట్టించి ఒక చిత్రం తీశారు. సైనికులు మామూలుగా నడవడం చూసి కదిలిపోని ప్రేక్షకుడు ఉండడు. వేగం సరిచేయడం వరకూ అది గతానికి జరిగిన న్యాయమే. రంగు దగ్గరికి వచ్చేసరికి సంగతి మారుతుంది. సైనిక దుస్తుల ఛాయకు నమూనాలున్నాయి గానీ, ఆ సాయంత్రపు ఆకాశానికీ, ఆ కుర్రాడి బుగ్గలకూ నమూనా లేదు. కళాఖండంగా దాన్ని తప్పుపట్టవలసిన పని లేదు, కానీ ఆ రంగులు 2018 నాటివి. దర్శకుడు ఏమి చేశాడో చెప్పి చేశాడు. అలాంటి ముక్కలే, ఎవరు ఏమి కలిపారో చెప్పకుండా, యంత్రం ఊహించి నింపిన ఫ్రేములతో నున్నగా మెరుస్తూ తిరిగే చోట, చూసేవాడికి బొమ్మలో ఏ చుక్క పాతదో ఏది కొత్తదో తెలిసే దారి ఉండదు.

నిల్వ సమస్య కూడా డిజిటల్‌తో తీరలేదు. చల్లగా, పొడిగా ఉంచిన ఫిల్ము వందేళ్లు దాటి నిలుస్తుంది. డిజిటల్ ప్రతిని మాత్రం కొన్నేళ్లకోసారి కొత్త తరం టేపుల్లోకి ఎక్కిస్తూ ఉండాలి, ఒక్క విడత నిధులు ఆగితే చాలు, చదివే యంత్రమే దొరకని పరిస్థితి వస్తుంది. ఆస్కార్ అవార్డులిచ్చే అకాడమీ 2007లో వేసిన లెక్క ప్రకారం, ఒక చిత్రపు డిజిటల్ మాతృకను ఏడాది పాటు దాచే ఖర్చు ఫిల్ము మాతృకకయ్యే ఖర్చుకు దాదాపు 11 రెట్లు. ఆ తరువాత నిల్వ చౌక అయింది గానీ మార్చుతూనే ఉండాలన్న షరతు మారలేదు. అప్పు తీరుతున్నట్టే కనిపించి, వడ్డీ మాత్రం ఎప్పటికీ కడుతూ ఉండే వ్యవహారం ఇది.

పునరుద్ధరణ ఎలా ఉండాలో చెప్పడానికి జర్మనీలో ఫ్రిట్జ్ లాంగ్ తీసిన మూకీ ‘మెట్రోపొలిస్’ దగ్గరికి వెళ్లడం మంచిది. 1927 జనవరిలో బెర్లిన్‌లో మొదట ప్రదర్శించిన రూపం నుంచి కొద్ది నెలల్లోనే దాదాపు నాలుగో వంతు కత్తిరించారు, ఆ ముక్కలు పోయాయి. ఎనభై ఏళ్ల పాటు విమర్శకులు ఆ చిత్రం కథ అతకలేదని రాశారు, అతకకపోవడానికి కత్తెర కారణమని కొందరికి తెలిసినా. 2008లో బ్యూనస్ ఎయిరిస్ సినిమా మ్యూజియంలో సన్నటి 16 ఎం.ఎం. ఫిల్ము మీద ఉన్న ఒక ప్రతి బయటపడింది. బాగా ఆడి ఆడి గీతలు పడిన నైట్రేట్ ప్రింటు నుంచి, ఆ గీతలను కూడా కలుపుకుని తీసిన కాపీ అది. 16 ఎం.ఎం. చట్రంలో పట్టక బొమ్మ అంచు కొంత తెగిపోయింది కూడా. 2010లో పూర్తిచేసిన పునరుద్ధరణలో ఆ దృశ్యాలను అతికించారు గానీ, తెగిన అంచును ఊహించి గీయలేదు. ఆ మేరకు నల్లటి పట్టీ వదిలేశారు. గీతల్లో శుభ్రం చేయగలిగినంత చేసి మిగతావి అలాగే ఉంచారు. చక్కగా సాగుతున్న చిత్రం ఒక్కసారిగా చిన్నదై, వాన కురిసినట్టు గీతలతో నిండిపోయినప్పుడు, ఈ భాగం బ్యూనస్ ఎయిరిస్ మీదుగా వచ్చిందని ప్రేక్షకుడికి ఎవరూ చెప్పకుండానే తెలుస్తుంది.